బార్బరా జోర్డన్ లాయరు నుంచి టెక్సస్ సెనేటరు ఎలా అయ్యారు? అది ఇల్లు గడిచే పనేనా?

ప్రశ్న అడిగినాయన హ్యూస్టన్ శివారు కేటీలో ఉంటున్న ఒక తండ్రి. అమ్మాయి లా రెండో సంవత్సరంలో ఉంది. పెద్ద లా కంపెనీలో చేరమంటే, టెక్సస్ శాసనసభ వైపు వెళ్తానంటోంది. గదిలో గోడకి బార్బరా జోర్డన్ ఫొటో పెట్టుకుంది. "ఎవరీవిడ? లాయరుగా మొదలై రాష్ట్ర రాజకీయాల్లో ఎలా పైకొచ్చారు? దానితో బతకొచ్చా?" అని ఆయన అడుగుతున్నారు.

నేను ఇరవై రెండేళ్లుగా హ్యూస్టన్‌లో లాయరుగా ప్రాక్టీసు చేస్తున్నాను. శాసనసభ సమావేశాలు జరిగే ఏడాది బిల్లుల మీద మాట్లాడటానికి రాష్ట్ర రాజధాని ఆస్టిన్ వెళ్లొస్తుంటాను. ఎన్నికలప్పుడు పోలింగ్ బూత్‌లో పనిచేస్తాను. జోర్డన్ గురించి చదవగలిగినంత చదివాను. అందుకని కొంచెం పెద్ద జవాబే రాస్తున్నాను.

ముందు డబ్బు సంగతి చెప్పేస్తాను, తండ్రిగా మీ మనసు అక్కడే ఉంటుంది కాబట్టి. టెక్సస్ శాసనసభ్యుల జీతం నెలకి 600 డాలర్లు. ఏడాదికి 7,200. సున్నా తగ్గలేదు, మీరు సరిగ్గానే చదివారు. ఈ అంకె 1975 నుంచి మారలేదు. అంతకుముందు, జోర్డన్ రాష్ట్ర సెనేటులో, అంటే శాసనసభ పైసభలో, ఉన్న రోజుల్లో, ఏడాదికి 4,800 డాలర్లే. సభ జరిగే రోజులకి భత్యం వేరే ఇస్తారు. సభ కూడా రెండేళ్లకోసారి, బేసి సంవత్సరాల్లో, 140 రోజులు మాత్రమే కూర్చుంటుంది. మధ్యలో గవర్నరు ప్రత్యేక సమావేశం పిలిస్తే అది అదనం. అంటే ఈ పదవిలోకి వచ్చే ప్రతి ఒక్కరికీ అన్నం పెట్టే పని ఇంకోటి ఉండి తీరాలి. అందుకే అక్కడ లాయర్లు ఎక్కువ కనిపిస్తారు. శాసనసభ్యుడైన లాయరు కోర్టులో నడుపుతున్న కేసుకి సమావేశాల కాలంలో వాయిదా కోరితే జడ్జి సాధారణంగా ఇచ్చి తీరాలని టెక్సస్ చట్టమే చెబుతుంది. డాక్టరుకో, దుకాణం నడిపేవాడికో అలాంటి వెసులుబాటు లేదు. కాబట్టి అమ్మాయి లా చదువు వృథా పోతుందన్న బెంగ పెట్టుకోకండి. ఈ దారిలో నడవాలంటే చేతిలో ఉండాల్సింది ఆ చదువే.

ఇక జోర్డన్ సంగతి. టెక్సస్ సెనేటుకి ఎన్నికైన మొదటి నల్లజాతి స్త్రీ, తర్వాత అమెరికా కాంగ్రెస్ (దేశ పార్లమెంటు) సభ్యురాలు. యూట్యూబ్‌లో వెతికితే ముందుగా ఆవిడ గొంతు వినిపిస్తుంది. గంభీరంగా, ఒక్కో అక్షరాన్నీ తూచి వేసినట్టు మాట్లాడతారు. దాంతో చాలామంది ఆ గొంతే ఆవిణ్ని పైకి తెచ్చిందనుకుంటారు. నేను అలా అనుకోను. ఓట్లు ఎక్కడ ఉన్నాయి, సభలో తలలు ఎన్ని అని లెక్కపెట్టడం నేర్చుకున్నాకే ఆవిడ గెలిచారు. మీ అమ్మాయి ఆ ఫొటోని చూసి నేర్చుకోవాల్సింది ఆ లెక్కే అని నా అభిప్రాయం.

ఆవిడ 1936 ఫిబ్రవరి 21న హ్యూస్టన్ ఫిఫ్త్ వార్డ్‌లో పుట్టారు. ఊరి నల్లజాతి పేటల్లో అదొకటి. తండ్రి బెంజమిన్ గోదాంలో గుమాస్తా, బాప్టిస్టు పాస్టరు కూడా. తల్లి తరఫు తాత పాత సామాన్ల వ్యాపారం చేసేవారు. హైస్కూల్లో ఉండగా షికాగో నుంచి ఈడిత్ శాంప్సన్ అనే నల్లజాతి మహిళా లాయరు వచ్చి పిల్లలతో మాట్లాడారు. లాయరు కావాలని ఆ పిల్ల ఆరోజే అనుకుంది.

1952లో హైస్కూలు అయ్యాక టెక్సస్ సదర్న్ యూనివర్సిటీలో చేరారు. ఆ యూనివర్సిటీ పుట్టుకే ఒక కథ. 1946లో హీమన్ స్వెట్ అనే నల్లజాతి యువకుడు ఆస్టిన్‌లోని టెక్సస్ యూనివర్సిటీ లా స్కూలుకి దరఖాస్తు పెట్టాడు. రంగు చూసి కాదన్నారు. ఆయన కోర్టుకెళ్తే, "వీళ్లకి వేరే చోటు ఉంది" అని చూపించడానికి రాష్ట్రం 1947లో హ్యూస్టన్‌లో నల్లజాతి వాళ్లకోసం ఈ సంస్థని పెట్టింది. 1950లో సుప్రీంకోర్టు స్వెట్ పక్షాన తీర్పిచ్చింది. నల్లవాళ్లని దూరం పెట్టడానికి కట్టిన ఆ గోడల మధ్యే జోర్డన్ వాదించడం నేర్చుకున్నారు. అక్కడ డిబేట్ జట్టుకి గురువు థామస్ ఫ్రీమన్. హార్వర్డ్ జట్టు హ్యూస్టన్ వచ్చినప్పుడు జోర్డన్ ఉన్న జట్టు వాళ్లతో సమంగా నిలిచింది.

1956లో బోస్టన్ యూనివర్సిటీ లా స్కూలుకి వెళ్లారు. అక్కడికెళ్లాక తన పునాది ఎంత బలహీనమో తెలిసొచ్చింది. గొంతెత్తి బాగా చెప్పడం వేరు, చెప్పిన మాట తర్కానికి నిలబడటం వేరు. పదహారేళ్ల లోటు పూడ్చుకోవాల్సి వచ్చిందని ఆవిడే తర్వాత చెప్పుకున్నారు. తోటి నల్లజాతి విద్యార్థులతో ఒక బృందం కట్టుకుని, పాఠాలు పైకి వాదించుకుంటూ చదివారు. 1959లో పట్టా పుచ్చుకుని, లాయరుగా పనిచేయడానికి రాయాల్సిన బార్ పరీక్షలు మసాచుసెట్స్, టెక్సస్ రెండు రాష్ట్రాలవీ గట్టెక్కి, ఒక ఏడాది అలబామాలోని టస్కీగీ కాలేజీలో పాఠాలు చెప్పి, ఊరికి తిరిగొచ్చారు.

ఆవిడ మొదటి ఆఫీసు అమ్మానాన్నల ఇంట్లో భోజనాల బల్ల. పార్ట్‌నర్లు లేరు, గుమాస్తా లేడు. చేతినిండా కేసులు లేని కాలం కాబట్టి సాయంత్రాలు 1960 నాటి కెనడీ అధ్యక్ష ఎన్నికల ప్రచారానికి వెళ్లేవారు. మొదట అప్పగించిన పని కవర్ల మీద చిరునామాలు రాసి స్టాంపులు అంటించడం. ఒకరోజు చర్చిలో మాట్లాడాల్సినాయన రాకపోతే ఈవిణ్ని నిలబెట్టారు. ఆ తర్వాత స్టాంపులు అంటించే పని ఇంకెవరికో వెళ్లిపోయింది. నాకు ఉపన్యాసం కన్నా ఆవిడ చేసిన రెండో పని ముఖ్యంగా కనిపిస్తుంది. నల్లజాతి పేటల్లో వీధికొక కార్యకర్త చొప్పున పెట్టి, ఇల్లిల్లూ తిరిగి ఓటర్లని కదిలించే ఏర్పాటు ఆవిడ చేతిమీదుగా సాగింది. ఏ వీధిలో ఎవరున్నారో, ఎవరు వస్తారో, ఎవరిని చెయ్యి పట్టుకుని తీసుకురావాలో ఆ ఒక్క ప్రచారంతో తెలిసిపోయింది.

1962లో 500 డాలర్ల నామినేషన్ రుసుము అప్పు తెచ్చి టెక్సస్ ప్రతినిధుల సభకి, అంటే శాసనసభ దిగువసభకి, నిలబడ్డారు. ఓడిపోయారు. 1964లో మళ్లీ నిలబడి మళ్లీ ఓడిపోయారు. తన పేటల్లో ఓట్లు వెల్లువలా పడ్డా లాభం లేకపోయింది. ఎందుకంటే అప్పట్లో హ్యూస్టన్ ఉన్న హారిస్ కౌంటీ సీట్లన్నిటికీ కౌంటీ మొత్తం ఓటేసేది. మన వైపు పోలిక చెప్పాలంటే, ఒక జిల్లాలోని అసెంబ్లీ సీట్లన్నిటికీ జిల్లా మొత్తం ఓటేసినట్టు. తెల్లవాళ్లు ఎక్కువున్న కౌంటీలో నల్లజాతి అభ్యర్థి ఎంత గొంతు చించుకున్నా మెజారిటీ రాదు. అదే గొంతు, అదే మనిషి, రెండుసార్లూ ఓటమి. ఓడించింది మ్యాప్.

సెనేటులో అన్యాయం ఇంకా ఘోరం. ఏ కౌంటీకీ ఒక సెనేటరుకి మించి ఉండకూడదని టెక్సస్ రాజ్యాంగంలో రాసి ఉండేది. 1960 జనాభా లెక్కల్లో హారిస్ కౌంటీ జనం 12 లక్షల పైమాటే. అంతమందికీ ఒక్కడే సెనేటరు! 1964లో రేనాల్డ్స్ వర్సెస్ సిమ్స్ కేసులో సుప్రీంకోర్టు, రాష్ట్ర శాసనసభ రెండు సభల్లోనూ సీట్లు జనాభాని బట్టే ఉండాలని తేల్చింది. ఆ దెబ్బకి టెక్సస్ నియోజకవర్గాల పునర్విభజన చేయక తప్పలేదు. హారిస్ కౌంటీలో కొత్త సెనేటు సీట్లు పుట్టాయి. అందులో 11వ నియోజకవర్గం గీతలు చూస్తే, ఫిఫ్త్ వార్డ్ దాని లోపలే ఉంది. తను ఓడిపోయిన పాత ఎన్నికల ఫలితాలని జోర్డన్ పోలింగ్ బూత్ వారీగా ముందేసుకుని చూసుకున్నారు. కొత్త గీతల లోపల ఉన్న బూత్‌లలో ఆవిడదే పైచేయి. రెండు ఓటములూ వృథా కాలేదు.

ఆవిడ గెలుపుకి ఇంకో అడ్డు కూడా సరిగ్గా అప్పుడే తొలగింది. ఓటేయడానికి పన్ను కట్టాలన్న పోల్ ట్యాక్స్ టెక్సస్ రాష్ట్ర ఎన్నికల్లో 1966లో కోర్టు తీర్పుతో పోయింది. పన్ను రెండు డాలర్ల లోపే గానీ, రెక్కాడితే గాని డొక్కాడని ఇంట్లో నలుగురు పెద్దవాళ్లుంటే అది చిన్న మొత్తం కాదు. అదే ఏడాది వేసవిలో డెమొక్రటిక్ ప్రైమరీలో, అంటే పార్టీ అభ్యర్థిని ఓటర్లే ఎంచుకునే ఎన్నికలో, జోర్డన్‌కి ఎదురు నిలిచింది విట్‌ఫీల్డ్ అనే సిట్టింగ్ శాసనసభ్యుడు. "తెల్లవాడు గెలవగలడా?" అని ఆయన ప్రచారం చేస్తే, "లేదు, ఈసారి కాదు" అని ఈవిడ సభల్లో జవాబిచ్చారు. దాదాపు రెండింతల ఓట్లతో గెలిచారు. అప్పట్లో టెక్సస్‌లో డెమొక్రటిక్ ప్రైమరీ గెలిస్తే సీటు గెలిచినట్టే. 1883 తర్వాత టెక్సస్ సెనేటులో కూర్చున్న మొదటి నల్లజాతి సభ్యురాలు ఆవిడ. నల్లజాతి స్త్రీ అయితే అంతకుముందు ఎప్పుడూ లేదు.

గెలవడానికి ముందు కొంతకాలం ఆవిడ హారిస్ కౌంటీ జడ్జి ఆఫీసులో సహాయకురాలిగా పనిచేశారు. ఇక్కడ కౌంటీ జడ్జి అంటే తీర్పులు చెప్పే మనిషి అనుకోకండి, కౌంటీ పాలనకి పెద్ద. మన కలెక్టరుకి దగ్గరగా ఉంటుంది, కాకపోతే ఎన్నికై వస్తారు. ప్రభుత్వ ఫైలు లోపల ఎలా నడుస్తుందో ఆవిడ అక్కడే చూసి ఉంటారు. ఇలాంటి ఉద్యోగం మీ అమ్మాయికి దొరికితే జీతం తక్కువని వద్దనొద్దు.

1967 జనవరిలో సెనేటులో కాలుపెట్టారు. మొత్తం 31 మంది. అందులో నల్లజాతి మనిషి ఈవిడ ఒక్కరే. ఆడవాళ్లలోనూ ఆవిడ ఒక్కరే. ఊళ్లో జనం ఆవిడ మొదటి రోజే లేచి గర్జిస్తుందని ఎదురుచూశారు. ఆవిడ చాలా రోజులు దాదాపు నోరు విప్పలేదు. సభా నియమాలు కంఠతా పట్టారు. ఒక్కో సెనేటరుతో విడిగా కూర్చుని, ఎవరికి ఏం కావాలో, ఎవరు దేనికి బెట్టు చేస్తారో తెలుసుకున్నారు. సాయంత్రం విందుల్లో గిటారు వాయించి పాడారు. నల్లజాతి మనిషితో ఒక బల్ల దగ్గర కూర్చోవడమే ఎరగని పెద్దమనుషులు కొన్నాళ్లకి ఆవిడ సలహా అడిగే స్థితికి వచ్చారు.

ఆ మౌనం దేనికో అర్థం కావాలంటే ఒక నియమం తెలియాలి. ఆ రోజుల్లో టెక్సస్ సెనేటులో ఒక బిల్లుని చర్చకి ఎత్తుకోవాలంటేనే మూడింట రెండొంతుల మంది, అంటే 31కి 21 మంది ఒప్పుకోవాలి. తిరగేసి చూడండి: 11 మంది కాదంటే ఆ బిల్లు అక్కడే ఆగిపోతుంది. ఓటరు నమోదుని కఠినం చేసే ఒక బిల్లు వచ్చినప్పుడు జోర్డన్ ఉపన్యాసం ఇవ్వలేదు. పదిమంది సెనేటర్ల దగ్గరికి ఒక్కొక్కరి దగ్గరికీ వెళ్లి మాట తీసుకున్నారు. తనతో కలిపి పదకొండు. బిల్లు చచ్చిపోయింది. ఆవిడ జీవితంలో నాకు అన్నిటికన్నా ఇష్టమైన ఘట్టం ఇదే. టీవీ కెమెరాలు లేవు, చప్పట్లు లేవు, వేల మంది పేదల ఓటు మాత్రం నిలబడింది. (ఆ నియమం ఇప్పుడలా లేదు. 2015లో 19కి, 2021లో 18కి తగ్గించారు. పదకొండు మంది చేతులు కలిపితే ఇప్పుడు ఏమీ ఆగదు. మీ అమ్మాయి కొత్త లెక్క నేర్చుకోవాలి.)

తర్వాతి సమావేశాల్లో టెక్సస్‌కి మొట్టమొదటి కనీస వేతన చట్టం తేవడంలో ఆవిడది ముఖ్యపాత్ర. పనిలో గాయపడ్డ కూలీలకి పరిహారం పెంచడంలోనూ అంతే. 1972 మార్చి 28న సెనేటు ఆవిణ్ని తాత్కాలిక అధ్యక్షురాలిగా ఎన్నుకుంది. అక్కడి ఆనవాయితీ ప్రకారం గవర్నరు, ఆయన తర్వాతి స్థానంలో ఉండే లెఫ్టినెంట్ గవర్నరు ఇద్దరూ ఒకరోజు రాష్ట్రం దాటి వెళ్లి, ఆ పదవిలో ఉన్నవారికి గవర్నరు బాధ్యత ఇస్తారు. 1972 జూన్ 10న జోర్డన్ ఒక్కరోజు టెక్సస్ గవర్నరు. ఫిఫ్త్ వార్డ్ జనం ఆస్టిన్‌కి తరలి వెళ్లారు. కూతుర్ని ఆ కుర్చీలో చూడటానికి వెళ్లిన తండ్రి ఆరోజే కుప్పకూలి ఆస్పత్రిలో చేరారు. మర్నాడు పోయారు. కూతురు గవర్నరు కావడం మాత్రం చూసే పోయారు.

ఆవిణ్ని దేవతని చేసి చెప్పడం నాకిష్టం లేదు. 1971లో పునర్విభజన మళ్లీ జరిగినప్పుడు గీతలు గీసే చోట ఈసారి ఆవిడే ఉన్నారు. హ్యూస్టన్ నడిబొడ్డున 18వ కాంగ్రెస్ నియోజకవర్గం ఆవిడకి సరిపడేలా తయారైంది. ఆవిడ వదిలి వెళ్తున్న సెనేటు నియోజకవర్గం మాత్రం ముక్కలైంది. తన మెట్టు కోసం నల్లజాతి సెనేటు సీటుని వదులుకుందని కర్టిస్ గ్రేవ్స్ అనే తోటి నల్లజాతి శాసనసభ్యుడు 1972 ప్రైమరీలో ఆవిడ మీదే పోటీ చేసి నిలదీశారు. ఆవిడ భారీ మెజారిటీతో గెలిచారు, కానీ ఆయన ప్రశ్నలో నిజం ఉంది. ఆ తర్వాత దాదాపు పదేళ్లు, 1983 దాకా, టెక్సస్ సెనేటులో నల్లజాతి సభ్యుడు లేడు. ఆవిడ అభిమానులు ఈ పేజీని తొందరగా తిప్పేస్తారు. మీ అమ్మాయి ఇక్కడ కాస్త ఆగి చదివితే మంచిది. లోపలికి వెళ్లి బేరాలాడేవాళ్లందరికీ ఇలాంటి రోజు వస్తుంది.

కాంగ్రెస్‌లో ఆరేళ్లు ఉన్నారు. మాజీ అధ్యక్షుడు లిండన్ జాన్సన్ సాయంతో న్యాయ వ్యవహారాలు చూసే జ్యుడీషియరీ కమిటీలో చోటు దొరికింది. 1974 జూలై 25న, అధ్యక్షుడు నిక్సన్‌ని పదవి నుంచి తొలగించడానికి మొదలైన అభిశంసన విచారణలో చేసిన ప్రసంగమే యూట్యూబ్‌లో అందరూ చూసేది. "రాజ్యాంగం మీద నా విశ్వాసం సంపూర్ణం" అన్న మాట దగ్గర అందరి ఒళ్లూ పులకరిస్తుంది. నేను మాత్రం జూనియర్లకి ఆ తర్వాతి భాగం చూపిస్తాను. అభిశంసనకి ప్రమాణం ఏమిటో రాజ్యాంగ నిర్మాతల మాటల్లో చదువుతారు. దాని పక్కనే నిక్సన్ చేసిన పని పెడతారు. మళ్లీ ప్రమాణం, మళ్లీ పని. విశేషణాలు లేవు, తిట్లు లేవు. బోస్టన్‌లో పైకి వాదించుకుంటూ నేర్చుకున్న చదువు అది.

ఆ తర్వాతి ఏడాది చేసిన పని మన ఇంటి దాకా వచ్చింది. 1975లో ఓటు హక్కు చట్టాన్ని పొడిగిస్తూ, దాన్ని టెక్సస్‌కీ, ఇంగ్లీషు అంతగా రాని భాషా అల్పసంఖ్యాకులకీ వర్తించేలా చేయడానికి ఆవిడ గట్టిగా పోరాడారు. సొంత రాష్ట్ర గవర్నరే వ్యతిరేకించినా తగ్గలేదు. ఈరోజు హారిస్ కౌంటీ బ్యాలెట్ ఇంగ్లీషు, స్పానిష్, వియత్నామీస్, చైనీస్ నాలుగు భాషల్లో ఉండటానికి మూలం అది. ఒక ఎన్నికలో నేను పనిచేస్తున్న బూత్‌కి వియత్నాం పెద్దావిడ ఒకరు మనవడి చెయ్యి పట్టుకుని వచ్చారు. తెర మీద తన భాష కనిపించగానే మనవడిని పక్కకి జరగమని సైగ చేసి, ఒక్కరే నిలబడి ఓటేశారు. తెలుగు ఆ జాబితాలో లేదు.

ఇంకో సంగతి కూడా మనవాళ్లకి తెలియాలి. 1978లో ఆవిడ మళ్లీ పోటీ చేయలేదు. నరాల జబ్బు మల్టిపుల్ స్క్లెరోసిస్ అప్పటికే కాళ్లని పట్టుకుంది. ఆస్టిన్‌లో టెక్సస్ యూనివర్సిటీలో పాఠాలు చెప్పారు. ఒకప్పుడు స్వెట్‌ని గుమ్మం దగ్గరే ఆపిన యూనివర్సిటీ అదే. చివరి సంవత్సరాల్లో వలస విధానం మీద వేసిన జాతీయ కమిషన్‌కి అధ్యక్షత వహించారు. 1995లో ఆ కమిషన్, చట్టబద్ధమైన వలసని కూడా తగ్గించాలని, తోబుట్టువుల కోటా ఎత్తేయాలని సిఫారసు చేసింది. కాంగ్రెస్ దాన్ని చట్టం చేయలేదు. చేసి ఉంటే అక్కో అన్నో పెట్టిన కాగితాల మీద వచ్చిన మన కుటుంబాలు చాలా ఇక్కడ ఉండేవి కావు. మా బావగారి కుటుంబం అలా వచ్చిందే. ఈ విషయంలో నేను ఆవిడతో ఏకీభవించను. అయినా నా ఆఫీసులోనూ ఆవిడ ఫొటో ఉంది.

1994లో దేశపు అత్యున్నత పౌర పురస్కారం అందుకున్నారు. 1996 జనవరి 17న, అరవై నిండకుండానే పోయారు. ఆస్టిన్‌లోని రాష్ట్ర శ్మశానవాటికలో ఖననమైన మొదటి నల్లజాతి మహిళ ఆవిడే. ఆస్టిన్ విమానాశ్రయం ప్రధాన టెర్మినల్‌కి ఆవిడ పేరే పెట్టారు.

ఇక మీ ఇంటి విషయం. అమ్మాయిని పట్టా రాగానే పోటీకి దిగనివ్వకండి. ముందు బార్ పరీక్ష, తర్వాత నాలుగైదేళ్లు సొంత కాళ్ల మీద నిలబడే ప్రాక్టీసు. వీలునామాలు, చిన్న వ్యాపారాలు, కుటుంబ కేసులు, ఏదైనా పర్వాలేదు. జనం ఇంటి గుట్టు విప్పి చెప్పుకునే పని ఏదైనా మంచిదే. పెద్ద కంపెనీ ఉద్యోగంలో జీతం బాగుంటుంది గానీ, బేసి సంవత్సరం వచ్చినప్పుడల్లా 140 రోజులు వదలమంటే ఎంతమంది వదులుతారు? అది ముందే అడిగి తెలుసుకోవాలి. పాఠశాల బోర్డు, నీటి సరఫరా జిల్లా బోర్డు లాంటి చిన్న ఎన్నికల్లో ఎవరికైనా ఒక సీజను పని చేయమనండి, ఓటర్ల జాబితా చేతికిచ్చి వీధులు తిప్పే పని. లాయరే కానక్కర్లేదన్నది కూడా నిజం. హైదరాబాద్‌లో పుట్టిన అరుణా మిల్లర్ ఇంజినీరు, మేరీలాండ్ శాసనసభకి ఎన్నికై, 2023 నుంచి ఆ రాష్ట్ర లెఫ్టినెంట్ గవర్నరు. కానీ టెక్సస్ లెక్కలో లా చదువు బాగా అక్కరకొస్తుంది.

చివరగా, ఆ అమ్మాయిని తీసుకుని మీరే ఒకసారి ఆస్టిన్ వెళ్లండి. తర్వాతి సమావేశాలు 2027 జనవరి రెండో మంగళవారం మొదలవుతాయి. కమిటీ విచారణలకి ఎవరైనా వెళ్లొచ్చు, పేరు నమోదు చేసుకుంటే మాట్లాడొచ్చు కూడా. నేను మొదటిసారి వెళ్లినప్పుడు పొద్దున ఏడింటికి పేరు ఇస్తే, పిలుపు అర్ధరాత్రి దాటాక వచ్చింది. మాట్లాడటానికి ఇచ్చింది రెండు నిమిషాలు. ఎదురుగా మెలకువగా ఉన్న సభ్యులు నలుగురు. ఆ రాత్రి దాకా మీ అమ్మాయి కుర్చీలోంచి లేవకుండా కూర్చుంటే, మీరు ఇంక వాదించడం మానేయండి. మధ్యలో విరామం దొరికితే సెనేటు గ్యాలరీ ఎక్కండి. కింద కనిపించే వాల్‌నట్ బల్లలు 1888లో కొన్నవి, ఇప్పటికీ వాటి ముందే కూర్చుంటారు. గోడ మీద జోర్డన్ చిత్రపటం ఉంటుంది. ఆవిడ కాలు పెట్టిన రోజున, ఆ గోడల మీద ఆవిడలాంటి ముఖం ఒక్కటీ లేదు.